పెళ్ళి కెమెరా నుంచి సినిమా కెమెరాకు

కర్నూలు, కడపల్లో పెళ్ళిళ్ళు, జాతరలు, ఉరుసులు తీసే కుర్రాళ్ళకు కొదవలేదు. వాళ్ళలో సినిమా కెమెరామన్ కావాలనుకునేవాళ్ళు ముందు అప్పు చేసి ఖరీదైన కెమెరా కొంటున్నారు. దయచేసి ఆ పని చేయకండి. పెద్ద సినిమాలకే కెమెరాలు అద్దెకు తెస్తారు. వెలుతురును చదవడం మాత్రం సొంతంగా నేర్చుకోవాల్సిందే, దానికి మన సీమ ఎండకు మించిన చోటు లేదు.

'బాహుబలి' షూటింగ్ 2013 జూలైలో ఓర్వకల్లు రాళ్ళ మధ్యే మొదలైంది. దానికి కెమెరా పట్టిన కె.కె. సెంథిల్ కుమార్ పుణె ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌లో చదివారు, 2003లో 'ఐతే' అనే చిన్న సినిమాకు పనిచేశారు. మీరూ ఒక మిట్టమధ్యాహ్నం ఆ రాళ్ళ దగ్గర స్నేహితుణ్ణి నిలబెట్టండి. కళ్ళ కింద నల్లటి నీడ పడుతుంది, వెనక రాయి తెల్లగా కాలిపోతుంది. నెత్తికి పైన పల్చటి తెల్లగుడ్డ పట్టించి, ఛాతీ దగ్గర థర్మకోల్ షీటు పెట్టి చూడండి, ముఖం తేరుకుంటుంది. గుడ్డ ఎత్తు, షీటు దూరం మార్చినప్పుడల్లా ఏమైందో రాసుకోండి. పొద్దు వాలాక అక్కడే మళ్ళీ తీయండి.

కచేరీ తీయడం వేరే విద్య. కడప పెద్ద దర్గా ఉరుసులో ఖవ్వాలీ మొదలైతే రీటేక్ ఉండదు. ముందే అనుమతి తీసుకుని, ఒక కెమెరాను వైడ్‌లో ఆపకుండా నడపండి. రెండోదాన్ని చప్పట్లు కొట్టే చేతుల మీదికి, వింటున్న ముఖాల మీదికి తిప్పండి. వైట్ బ్యాలెన్స్ ఆటోలో వద్దు, లైటు మారినప్పుడల్లా మనిషి రంగు మారిపోతుంది. మన కరెంటు 50 హెర్ట్జ్ కాబట్టి షట్టర్ 1/50లో ఉంచితే ట్యూబ్‌లైట్ల మినుకు తగ్గుతుంది. మిక్సర్ నుంచి శబ్దాన్ని విడిగా రికార్డు చేసుకోండి.

ఈ రెండు పనులూ ఒకే మనిషి చేయవచ్చు. 1982లో వచ్చిన 'బ్లేడ్ రన్నర్' ఛాయాగ్రాహకుడు జోర్డన్ క్రోనెన్‌వెత్తే 1984 నాటి కచేరీ చిత్రం 'స్టాప్ మేకింగ్ సెన్స్' కూడా తీశారు. అందులో గాయకుల మీద రంగు లైట్లు వేయలేదు. మన నిర్వాహకులను కూడా, ముఖాల మీద కాసింత తెల్లలైటు వేయమని మొహమాటం లేకుండా అడగండి.

చదవాలనుకుంటే కడపలోనే ఆర్కిటెక్చర్, ఫైన్ ఆర్ట్స్ విశ్వవిద్యాలయం ఉంది, కోర్సుల వివరాలు కనుక్కోండి. నేరుగా హైదరాబాద్ వెళ్తే అసిస్టెంటుగా చేరాలి. లెన్సులు తుడవడం, బ్యాటరీలు ఛార్జింగ్ పెట్టడం, నటుడు నిలబడేచోట టేపు అంటించి ఫోకస్ దూరం కొలవడం, మొదట్లో ఇవే పనులు. చేరేముందే జీతం, బేటా, గది ఎవరు చూస్తారో వాట్సాప్‌లోనైనా రాయించుకోండి. 'ముందు పని నేర్చుకో, డబ్బులు తర్వాత చూద్దాం' అనేవాళ్ళు తగులుతారు. కనీసం తిండికీ, గదికీ సరిపడా ఇవ్వనిచోట చేరకండి.