అక్రమ కట్టడంపై కోర్టుకు వెళ్లే ముందు

మన కుట్టుశిక్షణ కేంద్రం ప్రక్క స్థలంలో రెండంతస్తులకే అనుమతి ఉండగా మూడో స్లాబుకు సెంట్రింగ్ కడుతున్నారని, వదలవలసిన ఖాళీ వదలక గోడ మన కిటికీల దగ్గరకు తెచ్చారని గత ఏడాది సభ్యులు చెప్పారు. నలుగురం మున్సిపల్ కార్యాలయానికి వెళ్లి నోటిమాటగా చెప్పి వచ్చాము. "చూస్తాం" అన్నారు. మూడు నెలలు తిరిగాము. ఈలోగా నాలుగో స్లాబు కూడా పడింది. ఇక కోర్టే దిక్కనుకుని వకీలు సాహెబ్ దగ్గర కూర్చుంటే, ఆయన అడిగిన మొదటి మాట, "ఫిర్యాదు ఇచ్చినట్లు రసీదు ఏదీ?" మా దగ్గర లేదు.

హైకోర్టుకు వెళితే వెంటనే కూల్చివేస్తారని మనలో చాలామంది అనుకుంటారు. అది సరికాదు. రాజ్యాంగం 226వ అధికరణ కింద వేసే రిట్‌లో కోర్టు సాధారణంగా అధికారినే అడుగుతుంది: ఫిర్యాదు అందింది కదా, చట్టం ప్రకారం ఏం చేశావు? ఫిర్యాదే రాతలో లేకపోతే ఆ ప్రశ్నకు బలం ఉండదు. హైదరాబాదు, విజయవాడ, విశాఖ వంటి నగరాలకు వర్తించే 1955 నాటి కార్పొరేషన్ చట్టంలో 452వ సెక్షను కింద నోటీసు ఇచ్చి సంజాయిషీ అడగాలి. అది తృప్తికరంగా లేకపోతే 636 కింద తొలగింపు చర్య తీసుకోవచ్చు.

"ప్రక్కవాడి ఇంటితో మీకేం పని?" అని కొందరు అడిగారు. ఉడుపిలో నివాస ప్రాంతంలో సినిమాహాలుకు పురపాలక సంఘం ఇచ్చిన అనుమతిపై అక్కడి నివాసి ఒకరు కోర్టుకెక్కితే, 1974లో సుప్రీంకోర్టు ఆయన హక్కును గుర్తించింది. అయితే గోడ మన స్థలంలోకే వచ్చిందన్నది వేరే తగాదా. హద్దుల పేచీకి సివిల్ కోర్టుకు వెళ్లాలి. రెండూ కలిపి రాస్తే అవతలివారు "ఇది ఆస్తి తగాదా" అని తప్పించుకుంటారు.

మంజూరైన ప్లాను నకలు కోసం సమాచార హక్కు చట్టం కింద దరఖాస్తు పెట్టాము. జవాబుకు గడువు 30 రోజులు. నకలు చేతికొచ్చాక ఫొటోలు తీసి, తేదీలు వేసి, రిజిస్టర్డ్ పోస్టులో ఫిర్యాదు పంపాము. ఇది మొదటి రోజే చేయవలసిన పని.

దాతలకు దాచకుండా చెప్పవలసిన సంగతి ఇంకొకటి ఉంది. కాగితాలు చూస్తూ వకీలు సాహెబ్, "మరి మీ డాబా మీద గదులకు అనుమతి ఉందా?" అన్నారు. ఒక దాత ఇచ్చిన సొమ్ముతో ఆరేళ్ల క్రితం వేసిన రెండు గదులవి. అనుమతి లేదు! ధర్మకార్యమే కదా, ఎవరు అడుగుతారు అనుకున్నాము. కమిటీలో వాదన జరిగింది. ఫిర్యాదు వెనక్కి తీసుకుని ఊరుకుందామని కొందరన్నారు. కాని దాతల సొమ్ము అమానత్. దానితో కట్టిన గదులు ఒక నోటీసుతో పోయే స్థితిలో ఉంచడం మా తప్పే. ఆ గదుల్లో తరగతులు ఆపి, సవరించిన ప్లానుతో దరఖాస్తు చేశాము. ఈ విషయం రిట్‌లో కూడా రాశాము. అవతలివారు బయటపెట్టేకంటే మనం చెప్పడమే మేలు.

ఇరుపక్షాలనూ విని, గడువులోగా నిర్ణయం తీసుకోమని హైకోర్టు అధికారులను ఆదేశించింది. కూల్చివేత విషయంలో కనీసం 15 రోజుల ముందు నోటీసు ఇవ్వాలని, యజమాని మాట వినాలని సుప్రీంకోర్టు 2024 నవంబరు 13న చెప్పింది. రోడ్డు, ఫుట్‌పాత్ వంటి బహిరంగ స్థలాల ఆక్రమణలకు అది వర్తించదు. ఆలస్యమైందని కొందరు సభ్యులు విసుక్కున్నారు గాని, రేపు మన గదులకు నోటీసు వచ్చినా మనకు దొరికే రక్షణ అదే.

ప్రక్కవారికి నోటీసు అందింది, నిర్ణయం ఇంకా రాలేదు. మన దరఖాస్తు కూడా పెండింగులోనే ఉంది. రెండు ఫైళ్లూ కార్యాలయంలో ఉన్నాయి. దాతలెవరైనా వచ్చి చూడవచ్చు. గదుల నిర్మాణానికి సొమ్ము ఇవ్వదలచినవారు ముందుగా మంజూరైన ప్లాను చూపించమని మమ్మల్ని అడగవలసిందిగా కోరుతున్నాము.