దివి కాని దివి

సివిల్‌లో చేరి, సర్వే ల్యాబ్‌లో త్రీ పాయింట్ ప్రాబ్లమ్‌తో కుస్తీ పట్టనివాళ్ళు ఎవరుంటారు చెప్పండి? దూరంగా కనబడే మూడు గుర్తులు పట్టుకుని మనం నిలబడ్డ చోటు కాగితం మీద తేల్చాలి. మన టేబుల్ కదలదు. 19వ శతాబ్దపు సర్వే ఓడలవాళ్ళు ఇదే లెక్కను ఊగుతున్న పడవలో, పొద్దున్నుంచి సాయంత్రం దాకా చేసేవాళ్ళు.

ఆ పనికి స్కూనర్ బాగా సరిపోయేది. దాని తెరచాపలు ఓడ పొడవునా ఉంటాయి కాబట్టి గాలికి ఎదురు కోణంలోనూ నడుస్తుంది. తక్కువమంది చాలు, తక్కువ లోతులోనూ వెళ్తుంది. 1842లో ఇంగ్లండు నుంచి బయల్దేరిన బ్రాంబుల్ అలాంటిదే. ఫ్లై అనే పెద్ద ఓడకు తోడుగా వెళ్ళి టోరెస్ జలసంధిని కొలిచింది. మన దేశంలో ఇండియన్ నేవీ 1863లో రద్దయ్యాక ఈ పని కుంటుపడింది. 1874లో కలకత్తాలో మెరైన్ సర్వే శాఖ పెట్టారు. 1881లో బొంబాయిలో కట్టిన ఇన్వెస్టిగేటర్ ఆవిరి ఓడ. కానీ లోతు కొలిచే తాడు మాత్రం పాతదే.

ఆ తాడు సంగతి చెప్పాలి. కొసన ఏడు నుంచి పద్నాలుగు పౌన్ల సీసపు గుండు. రెండు బారల దగ్గర రెండు తోలు ముక్కలు, మూడింటికి మూడు, అయిదింటికి తెల్లగుడ్డ, ఏడింటికి ఎర్రగుడ్డ. ఒక్కోటి ఒక్కో రకం బట్ట, చీకట్లో చేత్తో తడిమినా తెలిసేలా. (వాళ్ళ ఫాదమ్ అంటే ఆరడుగులు, మన బారే!) గుండు అడుగున గుంటలో కొవ్వు పూస్తారు. దానికి అంటుకొచ్చింది ఇసుకో బురదో చూసి పటంలో అక్షరం వేస్తారు. ఒకడు లోతు కేకేస్తుంటే, ఇద్దరు సెక్స్టెంట్లతో ఒడ్డున ఉన్న మూడు గుర్తుల మధ్య రెండు కోణాలు ఒకేసారి చదవాలి. ఆ మూడు గుర్తులూ, పడవా ఒకే వృత్తం మీద పడ్డాయా, జవాబు రాదు. ల్యాబ్‌లో మనకు మార్కులు పోతాయి, అక్కడ ఓడలు పోతాయి. ఒడ్డున పాతిన గుంజ దగ్గర ఇంకొకడు ఆటుపోట్లు రాసుకుంటాడు. వాటిని తీసేస్తేనే అసలు లోతు.

ఇప్పుడు మన తీరానికి రండి. బాపట్ల నుంచి రేపల్లె దిగువ దాకా కొండ అన్నదే లేదు. తాటితోపో, గుడి గోపురమో తప్ప గుర్తేది? 1611లో ఇంగ్లీషువాళ్ళ గ్లోబ్ ఓడ ఆగిన నిజాంపట్నం ఈ తీరంలోదే. ఆ అఖాతానికి తూర్పున కృష్ణ కలిసే దగ్గరి కొసకు నావికులు పెట్టిన పేరు ఫాల్స్ డివి పాయింట్. అసలు దివి కొస ఇంకా ఈశాన్యాన ఉంది. దక్షిణం నుంచి వచ్చే ఓడకు ముందు ఇదే కనబడుతుంది. ఇదే దివి అనుకుని మచిలీపట్నానికని మళ్ళితే కింద ఇసుకే! మా తెనాలి–రేపల్లె రైలు ఎన్నిసార్లు ఎక్కినా, దాని చివరన ఇలాంటి పేరుందని పటం చూసేదాకా నాకు తెలీదు.

ఇంకో ముచ్చట. 1794లో మద్రాసులో సర్వే స్కూలు పెట్టిన మైకేల్ టాపింగ్ ఈ తీరాన్ని కొలిచిన సముద్ర సర్వేయరే. రెండేళ్ళకు మచిలీపట్నంలోనే చనిపోయాడు. ఆ స్కూలే ఇవాళ్టి గిండీ ఇంజనీరింగ్ కాలేజీ.

డెల్టాలో ఏ కొలతా నిలవదు. వరదొస్తే ఇసుకమేట జరుగుతుంది, మళ్ళీ కొలవాలి. కొలతలు ఓడల కోసమే కాదు కూడా. సముద్రం ఎంత మెరకగా ఉంటే తుపాను ఉప్పెన అంత ఎత్తు లేస్తుంది. 1864లో మచిలీపట్నం, 1977 నవంబరు 19న దివిసీమ మునిగింది అలాగే. ఇప్పుడు ఉప్పెన ఎంత ఎత్తొస్తుందో ముందే లెక్కకట్టే కంప్యూటర్ మోడల్‌కు మొదట ఇవ్వాల్సింది ఆ లోతులే.