ఆటలో కథ: జోర్డాన్ మెక్నర్ నేర్పే పాఠం

శివరాత్రి జాగారానికి వైకుంఠపాళి పరచుకు కూర్చున్న మన పెద్దలకు ఆట వేరు, కథ వేరు కాదు. పుణ్యానికి నిచ్చెన, పాపానికి పాము. పైవరుస దాకా వెళ్ళి పెద్ద పాము నోట పడ్డవాడికి ఎవరూ నీతి బోధించనక్కర్లేదు. గవ్వలు వేసింది తన చెయ్యి, జారింది తన కాయ. కథ వినడానికీ, కథలో తానే నడవడానికీ తేడా ఇదే. అయితే వైకుంఠపాళిలో గవ్వలు ఎటు పడితే అటే పోవాలి. ఆడేవాడు తానే నిర్ణయం తీసుకుని, దాని ఫలితం తానే అనుభవిస్తే? ఆ కథలను కంప్యూటరు తెరమీదికి తెచ్చిన తొలితరం వారిలో ఒకరు అమెరికాకు చెందిన జోర్డాన్ మెక్నర్.

విద్యార్థి దశ

మెక్నర్ 1964లో న్యూయార్క్‌లో పుట్టారు. యేల్ విశ్వవిద్యాలయంలో చదువుతూనే యాపిల్ 2 కంప్యూటరు మీద ఆటలు రాశారు. మొదట బ్రోడర్‌బండ్ అనే ప్రచురణ సంస్థకు పంపిన ఆటను వాళ్ళు తిప్పి పంపేశారు. ఆయన మానలేదు. 1984లో అదే సంస్థ ఆయన రెండో ఆట 'కరాటెకా'ను ప్రచురించింది. అప్పటికాయన వయసు ఇరవై. అంటే మనలో చాలామంది వయసే!

ఆ రోజుల్లో తెరమీద మనిషి అంటే నాలుగు చుక్కల బొమ్మ. మెక్నర్ తన కరాటే గురువును సూపర్ 8 కెమెరాతో చిత్రించి, ఒక్కొక్క ఫ్రేమునూ గీసుకుని, ఆ కదలికలను ఆటలో పెట్టారు. దీన్నే రోటోస్కోపింగ్ అంటారు. కథ చిన్నదే. చెరలో వున్న రాకుమారిని వీరుడు విడిపించాలి. కానీ చివర ఒక మెలిక వుంది. శత్రువులందరినీ జయించాక కూడా పోట్లాట భంగిమలోనే రాకుమారి దగ్గరికి వెళితే, ఆమె ఒక్క తన్ను తంతుంది, వీరుడి కథ అక్కడితో సరి! చేతులు దించి మామూలు మనిషిలా వెళ్ళాలి. ఒక్క మాట లేకుండా చెప్పిన కథ ఇది.

చోటు లేక పుట్టిన పాత్ర

1985లో పట్టా పుచ్చుకున్నాక మెక్నర్ 'ప్రిన్స్ ఆఫ్ పర్షియా' మొదలుపెట్టారు. తమ్ముడు డేవిడ్‌ను పరుగెత్తించి, దూకించి వీడియో తీశారు. కత్తియుద్ధానికి 1938 నాటి రాబిన్‌హుడ్ సినిమాలో చివరి పోరాటం ఆధారం. సంగీతం తండ్రి ఫ్రాన్సిస్ సమకూర్చారు. నాలుగేళ్ళు శ్రమపడితే 1989లో ఆట బయటికొచ్చింది. అరవై నిమిషాల్లో చెరసాల దాటి, వజీరు జాఫర్‌ను గెలిచి రాకుమారిని కాపాడాలి.

ఇందులో మన సైన్సు విద్యార్థులు గమనించాల్సిన ముచ్చట ఒకటుంది. రాకుమారుడి కదలికల బొమ్మలతోనే మెమరీ నిండిపోయింది. శత్రువును పెట్టడానికి చోటే లేదు. ఆటలో పోరాటం వుండాలని సహోద్యోగిని టోమీ పియర్స్ పట్టుబట్టారు. అప్పుడు తట్టిన ఉపాయమే ఎక్స్‌క్లూజివ్ ఆర్. రెండు బిట్లూ ఒకటే అయితే 0, వేరైతే 1. మనం తరగతిలో ట్రూత్ టేబుల్ వేసే లెక్కే.

0011100 అనేది బొమ్మలో ఒక వరస అనుకుందాం. దాన్ని ఒక్క బిట్టు పక్కకు జరిపితే 0001110. రెండింటికీ ఎక్స్‌క్లూజివ్ ఆర్ చేస్తే 0010010. మధ్యభాగం మాయమై అంచులు మిగిలాయి చూశారా? రాకుమారుడి బొమ్మ మొత్తానికీ ఇలా చేస్తే మినుకుమినుకుమనే నీడ మనిషి తయారయ్యాడు. కొత్త బొమ్మ ఒక్కటీ గీయలేదు! వరిమడిలో జాగా చాలని రైతు గట్టుమీద కంది వేసుకున్నట్టు, ఉన్నదాంట్లోనే రెండో పంట తీశారు.

ఆ నీడ కేవలం లెక్కల చమత్కారంగా మిగిలిపోలేదు. రాకుమారుడు అద్దంలోంచి దూకినప్పుడు వాడి ప్రతిబింబం విడివడి పారిపోతుంది. తర్వాత దారికి అడ్డం పడుతూ వుంటుంది. చివరికి ఎదురుపడ్డప్పుడు దాన్ని కత్తితో కొడితే దెబ్బ మనకే తగులుతుంది. ఎంత బాగా పోరాడితే అంత త్వరగా చస్తాం. కత్తి ఒరలో పెడితేనే ఇద్దరూ ఒకటై దారి తెరుచుకుంటుంది. కరాటెకా చివర చెప్పిన మాటే ఇక్కడ మరింత లోతుగా వినిపిస్తుంది.

జయాపజయాలు

యాపిల్ 2 కాలం చెల్లిపోతున్న రోజులు కాబట్టి మొదట ఈ ఆట అంతగా అమ్ముడుపోలేదు. ఇతర కంప్యూటర్లకు వచ్చాకే పేరొచ్చింది. 1990లలో మన దేశంలో డాస్ కంప్యూటర్ల ముందు కూర్చున్న తరంలో ఎందరికో ఇది పరిచయమే.

1997లో వచ్చిన 'ది లాస్ట్ ఎక్స్‌ప్రెస్' మరో ప్రయోగం. 1914 జులైలో, మొదటి ప్రపంచయుద్ధం ముంగిట, పారిస్ నుంచి కాన్‌స్టాంటినోపుల్ వెళ్ళే రైలులో కథ. మనం చూసినా చూడకపోయినా ప్రయాణికులు తమ పనులు తాము చేసుకుపోతూ వుంటారు. మన పోర్టునే తీసుకోండి. పైలట్ కోసం ఓడ బయట సముద్రంలో ఆగుతుంది, డాల్ఫిన్స్ నోస్ పక్కగా లోపలికి వస్తుంది, క్రేన్లు సరుకు దించుతాయి. మనం బీచిలో వున్నామని ఏదీ ఆగదు. ఎక్కడ వుంటే ఆ ముక్కే మనకు తెలుస్తుంది. ఆ రైలు కథా అంతే. విమర్శకులు మెచ్చినా వ్యాపారపరంగా ఈ ఆట నష్టపోయింది.

అయినా మెక్నర్ కలం ఆగలేదు. 2003లో యూబీసాఫ్ట్ వారి 'ది సాండ్స్ ఆఫ్ టైమ్'కు కథ రాశారు. అందులో రాకుమారుడే కథ చెబుతుంటాడు. మనం పొరపాటున చనిపోతే, అలా జరగలేదంటూ వెనక్కి వెళ్ళి సరిదిద్దుతాడు. కథ చెప్పే మామ్మను మధ్యలో అడ్డుకుంటే జరిగేదీ అదే కదా! ఆ తర్వాత, నాజీల కాలంలో వియన్నా విడిచి శరణార్థులైన తన తండ్రి కుటుంబం గాథను బొమ్మల పుస్తకంగా గీశారు. అది 2023లో ఫ్రెంచిలో, 2024లో ఇంగ్లీషులో వెలువడింది.

మనకేమిటి?

పోయిందనుకున్న ప్రిన్స్ ఆఫ్ పర్షియా మూల ప్రోగ్రాము 2012లో తండ్రిగారింట పాత ఫ్లాపీల్లో దొరికింది. మెక్నర్ దాన్ని అందరికీ ఉచితంగా విడుదల చేశారు. నేడు ఎవరైనా చదువుకోవచ్చు.

మిత్రులారా! మంచి కంప్యూటరు లేదని, సౌకర్యాలు చాలవని మనం తరచు అనుకుంటాం. ఆ మాటలో నిజం లేకపోలేదు. కానీ సెకనుకు పదిలక్షల స్పందనల వేగంతో నడిచే ప్రాసెసరు మీద, బొమ్మకు చోటులేని మెమరీలో, ఒక కుర్రవాడు మనిషికీ వాడి నీడకూ మధ్య పోరాటాన్ని చూపించాడు. మన చేతిలోని ఫోను అంతకు వేల రెట్లు శక్తిగలది. పోర్టు కథ, ఉక్కు కర్మాగారం కథ, సముద్రం మీదికెళ్ళిన జాలరి కథ ఇంకా ఆటలై రావాల్సి వుంది. తరగతిలో నేర్చిన ఆ చిన్న ట్రూత్ టేబుల్‌ను పరీక్ష కాగితం మీదే వదిలెయ్యకుండా, దానితో ఒక కథ చెప్పి చూద్దాం.