రుచి చూడకుండా వండటం: ధనుర్మాసం పొంగలి నేర్పే పాఠం



ఈ వారం వీడియోలో ధనుర్మాస నైవేద్యంగా కట్టె పొంగలి చేసి చూపించాం. బియ్యం, పెసరపప్పు, మిరియాలు, నెయ్యి. వంట పెద్ద కష్టం కాదు, రెండుసార్లు చేస్తే ఎవరికైనా వచ్చేస్తుంది. వీడియోలో సమయం సరిపోక వదిలేసిన అసలు విషయం వేరే ఉంది. పొయ్యి మీద ఉన్నంతసేపూ ఒక్కసారి కూడా రుచి చూడకుండా ఎలా వండాలి? అసలు ఎందుకు చూడకూడదు? ఈ రోజు పాఠం దాని గురించే. కొలతలు, విధానం కూడా కిందనే ఇచ్చాను. ముందు కారణం చదివి తర్వాత అక్కడికి రండి.

ధనుర్మాసానికీ పొంగలికీ ఏమిటి సంబంధం?

సూర్యుడు ధనూరాశిలోకి ప్రవేశించినప్పటి నుంచి, అంటే డిసెంబరు 16 ప్రాంతం నుంచి, భోగి వరకు ధనుర్మాసం. గోదాదేవి పాడిన తిరుప్పావై 30 పాశురాలను రోజుకొకటి చొప్పున ఈ నెలంతా అనుసంధానం చేస్తారు. తిరుమలలో ఈ నెల రోజులూ సుప్రభాతం బదులు తిరుప్పావై వినిపిస్తుంది. మా యాదగిరిగుట్టలో కూడా తెల్లవారుజామున తిరుప్పావై పఠనం జరుగుతుంది. 27వ పాశురంలో వ్రతం పూర్తిచేసుకున్న గోపికలు పాలతో వండిన అన్నాన్ని, అది మునిగేంత నెయ్యితో, స్వామితో కలిసి కూర్చుని తినాలని కోరుకుంటారు. ఒక్కరే తినాలని కాదు, అందరూ కలిసి తినాలని. ఆ రోజు చాలా వైష్ణవ ఆలయాల్లో, ఇళ్లల్లో తీపి పొంగలి ఆరగింపు పెడతారు. మిగతా రోజుల్లో ఎక్కువగా కనిపించేది ఈ మిరియాల పొంగలే. చలికాలం తెల్లవారుజామున మిరియం, అల్లం, జీలకర్ర, నెయ్యి ఒంటికి ఎంత హితమో తిన్నవాళ్లకు తెలుసు.

పేర్లలో కొంచెం గందరగోళం ఉంటుంది కాబట్టి ఒక్కమాట. పొట్టు పెసరపప్పుతో కాస్త పొడిగా వండితే చాలా ఇళ్లల్లో పులగం అంటారు. పొట్టు తీసిన పప్పుతో మెత్తగా, నెయ్యితో జారుగా వండితే కట్టె పొంగలి. ఉల్లిగడ్డ, గరం మసాలా పడితే అది కిచిడి. టిఫిన్‌కి బాగుంటుంది కానీ వైష్ణవ సంప్రదాయంలో నైవేద్యానికి పనికిరాదు, ఉల్లి, వెల్లుల్లి వాడరు కాబట్టి.

మన నేల మీద బియ్యం విలువ

నాది నల్గొండ వైపు. ఇప్పుడు మా జిల్లా అంటే వరి పొలాలే గుర్తొస్తాయి. కానీ నాగార్జునసాగర్‌కు శంకుస్థాపన జరిగింది 1955 డిసెంబరు 10న, కాలువలకు నీళ్లు వదిలింది 1967లో. అంతకుముందు, కాలువ అందని ఊళ్లల్లో ఆ తర్వాత కూడా చాలాకాలం, నల్గొండలో అయినా పాలమూరులో అయినా మెట్ట రైతు ఇంట్లో రోజూ తినేది జొన్న రొట్టె, జొన్న గటక. వరి బువ్వ పండగకో, చుట్టాలొస్తేనో ఉండేది. అలాంటి ఇంట్లో బియ్యం, పప్పు కలిపి నెయ్యి వేసి వండి, మొదటి ముద్ద దేవుడికి పెట్టడం ఎంత పెద్ద విషయమో ఆలోచించండి. మిగిలింది పెట్టడం కాదు అది. ఇంట్లో ఉన్న అన్నిటికన్నా విలువైనది, ఇంకా ఎవరూ ముట్టకముందే పెట్టడం.

మహబూబ్‌నగర్ జిల్లాలో కురుమూర్తి, మన్యంకొండ జాతరలకు పోయినవాళ్లకు 'దాసంగం' అనే మాట తెలిసే ఉంటుంది. భక్తులు సామాను వెంట తెచ్చుకుని, కొత్త కుండలో వండి స్వామికి పెట్టుకునే నైవేద్యం అది. రాళ్లు పేర్చిన పొయ్యి, కట్టెల పొగ, చుట్టూ జనం. అంత ఆకలిలో కూడా నివేదన కాకముందు కుండలో చెయ్యి పెట్టరు.

రుచి ఎందుకు చూడకూడదు?

దీన్ని చాలామంది శుభ్రత నియమం అనుకుంటారు. కొంతవరకు నిజమే. నోరు తగిలింది ఎంగిలి, ఎంగిలి చేసింది ఎవరికీ పెట్టం. గరిటె నుంచి అరచేతిలో వేసుకుంటే ఎంగిలి కాదు కదా అని అడగొచ్చు. అప్పుడు కూడా చూడకూడదనే పెద్దలు అన్నారంటే కారణం ఎంగిలి ఒక్కటే కాదన్నమాట.

భగవద్గీత మూడో అధ్యాయం 13వ శ్లోకంలో కృష్ణుడు, యజ్ఞంలో అర్పించగా మిగిలింది తినేవాళ్లు పాపం నుంచి బయటపడతారనీ, తమ కోసమే వండుకునేవాళ్లు పాపాన్నే తింటున్నారనీ చెబుతాడు. ఇక్కడ తేడా వంటకంలో లేదు. ఎవరి కోసం వండుతున్నాం అన్నదాంట్లో ఉంది. రుచి చూసిన క్షణంలో ఏం జరుగుతుందో గమనించండి. 'నాకు' ఉప్పు సరిపోయిందా? 'నాకు' ఘాటు నచ్చిందా? అప్పటిదాకా స్వామి కోసం జరుగుతున్న వంట ఆ ఒక్క చుక్కతో నా నాలుక దగ్గరికి వచ్చేస్తుంది. మొదటి తీర్పు నాదైపోతుంది. ఆ తర్వాత ఆయనకు పెట్టేది నేను పాస్ చేసిన వంట.

మన తరానికి ఈ నియమం ఇంకా ఎక్కువ అవసరం అనిపిస్తుంది. ఫుడ్ డెలివరీ యాప్‌లో ఇడ్లీకి కూడా స్టార్లు ఇస్తాం. సినిమా సగంలో ఉండగానే రేటింగ్ చూస్తాం. ప్రతిదీ ముందు నాకు నచ్చాలి. రోజులో ఒక్క గంట, ఒక్క గిన్నె విషయంలో, 'నాకు ఎలా ఉంది' అన్న ప్రశ్నను పక్కన పెట్టడం చిన్న పనిలాగే కనిపిస్తుంది. చేసి చూస్తే తెలుస్తుంది, చెయ్యి దానంతట అదే గరిటె వైపు వెళ్తుంది.

మా అమ్మను ఒకసారి అడిగాను, "రుచి చూడకుండా ఉప్పు సరిపోయిందో లేదో ఎట్ల తెలుస్తదమ్మా?" అని. "దేవునికి పెట్టి మనం తిన్నంక తెలుస్తది బిడ్డా. తక్కువైతే ఆయన సర్దుకుంటడు, మనం సర్దుకోమా?" అంది. నేను చదివిన ఏ వ్యాఖ్యానం కన్నా ఇది నాకు బాగా అర్థమైంది. మన వంతు శ్రద్ధగా చేయడం. ఫలితం ఎలా వచ్చినా అది ప్రసాదమే.

మరి శబరి? కన్నప్ప?

ఈ ప్రశ్న తప్పకుండా వస్తుంది. శబరి కొరికి చూసిన పళ్లు రాముడు తిన్నాడు కదా అని. వాల్మీకి రామాయణంలో శబరి రాముడి కోసం అడవిలో దొరికేవి సేకరించి ఉంచిందనే ఉంటుంది, ఎంగిలి చేసినట్టు లేదు. ఆ ఘట్టం తర్వాతి భక్తి సంప్రదాయంలో వచ్చింది. కానీ మన గుండెల్లో ఉన్నది ఆ కథే కాబట్టి దాన్నే తీసుకుందాం. శ్రీకాళహస్తి కన్నప్ప కూడా అంతే, ముందు తను రుచి చూసి మంచి మాంసం ముక్కలే శివుడికి పెట్టాడు.

వాళ్లిద్దరూ రుచి చూసింది పుల్లనిది, పనికిరానిది ఆయన నోటికి పోకూడదని. ఆ క్షణంలో వాళ్ల నాలుక కూడా స్వామి పనే చేసింది. మన నాలుక ఇంకా ఆ స్థితిలో లేదు. అందుకే మనకు నియమం. నియమం వాళ్ల ప్రేమకు వ్యతిరేకం కాదు, మనల్ని అటువైపు నడిపించే దారి.

రుచి చూడలేం కాబట్టి కొలత

ఇక్కడ ఇంజినీరింగ్ బుద్ధి పనికొస్తుంది. ప్రొడక్షన్‌లో టెస్టింగ్ చేయం కదా, ముందే చేస్తాం. అలాగే మామూలు రోజు, నైవేద్యం కాని రోజు, ఇదే కొలతతో ఒకసారి వండుకుని తినండి. ఉప్పు, నీళ్లు మీ బియ్యానికి, మీ కుక్కర్‌కి ఎంత కావాలో రాసి పెట్టుకోండి. నైవేద్యం రోజు ఆ కాగితాన్ని నమ్మి వండండి.

ముగ్గురికి సరిపోయే కొలత ఇది. 150 మిల్లీలీటర్ల టీ గ్లాసు, 3 లీటర్ల కుక్కర్ తీసుకోండి.

- బియ్యం 1 గ్లాసు
- పొట్టు లేని పెసరపప్పు అర గ్లాసు
- నీళ్లు 6 గ్లాసులు. కొత్త బియ్యమైతే 5 చాలు
- ఉప్పు 9 గ్రాములు, అంటే మెత్తటి ఉప్పు సమంగా గీసి ఒకటిన్నర టీస్పూన్
- మిరియాలు 1 టీస్పూన్, సగం కచ్చాపచ్చాగా దంచాలి
- జీలకర్ర 1 టీస్పూన్
- అల్లం అంగుళం ముక్క, సన్నగా తరిగి
- కరివేపాకు 2 రెబ్బలు, ఇంగువ చిటికెడు, జీడిపప్పు 10
- నెయ్యి 3 టేబుల్ స్పూన్లు

కల్లుప్పు వాడేవాళ్లు స్పూన్ లెక్క నమ్మకండి. గింజల మధ్య ఖాళీ ఉంటుంది కాబట్టి అదే స్పూన్‌లో బరువు తక్కువ పడుతుంది. చిన్న తూకం మిషన్ ఉంటే 9 గ్రాములు తూచేయండి.

చేసే విధానం

1. స్నానం చేసి, స్టవ్ తుడిచి, దీపం పెట్టి మొదలుపెట్టండి. ఫోన్ ఇంకో గదిలో ఉంచండి. తిరుప్పావై వినాలంటే ముందే పెట్టేసుకోండి.

2. పెసరపప్పును సన్న మంట మీద నాలుగైదు నిమిషాలు వేయించండి. రంగు లేత బంగారంలోకి మారగానే దించేయాలి. గిన్నెను ముక్కు దగ్గరికి తెచ్చి వాసన చూడకండి, అది కూడా రుచి చూడటం లాంటిదే అంటారు. గదిలో దానంతట అదే వచ్చే పరిమళానికి దోషం లేదు.

3. బియ్యం, పప్పు కలిపి కడిగి కుక్కర్‌లో వేయండి. నీళ్లు, ఉప్పు ఇప్పుడే వేసి కలపండి. ఉప్పు మొదట్లోనే నీళ్లలో కరిగితే అంతటా సమంగా పడుతుంది. చివర్లో వేస్తే ఒకచోట ఎక్కువ, ఒకచోట తక్కువ అవుతుంది, రుచి చూడకుండా అది పట్టుకోలేం.

4. మధ్యస్థమైన మంట మీద 4 విజిల్స్ రానిచ్చి ఆపండి. ఆవిరి దానంతట అది పోవాలి.

5. మూత తీసి గరిటె వెనక భాగంతో మెదపండి. గరిటెతో ఎత్తి వదిలితే ముద్దలా పడకుండా మెల్లగా జారాలి. గట్టిగా ఉంటే అర గ్లాసు వేడినీళ్లు కలపండి. ఉడికిందా లేదా అన్నది కూడా గరిటె అంచుకు నొక్కి చూస్తే కంటికే తెలుస్తుంది.

6. నెయ్యి కాచి జీడిపప్పు వేయించి తీయండి. అదే నెయ్యిలో మిరియాలు, జీలకర్ర వేయండి. జీలకర్ర చిటపటమన్నాక అల్లం, కరివేపాకు, ఇంగువ. పది సెకన్లలో అంతా పొంగలిలో కలిపేయండి.

కన్ను, చెవి, గడియారం, కొలత: ఈ నాలుగూ నాలుక పని చేస్తాయి. రుచి చూసుకుంటూ వండినప్పటి కన్నా ఇలా వండినప్పుడే గిన్నె మీద ధ్యాస ఎక్కువ ఉంటుంది.

నివేదన

స్వామికి వేరుగా ఉంచిన గిన్నెలోకి ముందు తీయండి. పైన తులసీదళం ఉంచండి. చుట్టూ నీళ్లు తిప్పి, పంచప్రాణాల మంత్రాలు వస్తే చెప్పుకోండి. రాకపోతే 'స్వామీ, ఇది నీది, స్వీకరించు' అని మీ మాటల్లో చెప్పండి. గంట కొట్టి, కళ్లు మూసుకుని రెండు మూడు నిమిషాలు అక్కడే ఉండండి. వెంటనే గిన్నె ఎత్తేసుకుని పరిగెత్తకండి, ఆఫీస్ లాగిన్ తొమ్మిదింటికే కదా. తర్వాత హారతి ఇచ్చి, ఆ ప్రసాదాన్ని మిగతా పొంగలిలో కలిపితే అంతా ప్రసాదమే.

కొన్ని సందేహాలు

*పీజీలో ఉంటాం, కిచెన్ లేదు.* చిన్న ఎలక్ట్రిక్ కుక్కర్‌కి అనుమతి ఉంటే సగం కొలతతో చేయండి. లేకపోతే ఒక పండు, ఒక గ్లాసు పాలు చాలు. ఆకో, పువ్వో, పండో, నీళ్లో భక్తితో ఇస్తే తీసుకుంటానని గీత తొమ్మిదో అధ్యాయంలో ఆయనే అన్నాడు. మొదటి వంతు ఆయనది అన్న నియమం మాత్రం అక్కడా అంతే.

*తిన్నప్పుడు ఉప్పు తక్కువ అనిపిస్తే?* మొదటి ముద్ద ఉన్నదున్నట్టు తినండి. తర్వాత పక్కన పచ్చిపులుసు వేసుకోండి. ఉల్లిగడ్డ లేకుండా చింతపండు నీళ్లు, పచ్చిమిర్చి, జీలకర్ర, చిటికెడు బెల్లంతో చేసుకుంటే పొంగలికి మంచి జోడి. 'బాలేదు' అన్న మాట మాత్రం ప్రసాదం మీద అనకండి. వచ్చేసారి కొలత కాగితంలో మార్చుకోండి.

*ముక్కోటి ఏకాదశి రోజు?* ఉపవాసం ఉండేవాళ్లు ఆ రోజు అన్నం తినరు. పళ్లు, పాలు నివేదించి, మర్నాడు ద్వాదశికి పొంగలి పెట్టుకోండి.

ఈ వారం సాధన

నెల మొత్తం కుదరకపోవచ్చు. ఈ వారం ఒక్క ఉదయం ఎంచుకోండి. రుచి చూడకుండా వండి, స్వామికి పెట్టి, కనీసం ఇంకొక్కరితో పంచుకుని తినండి. రూమ్మేట్ అయినా, పక్క ఫ్లాట్ వాళ్లయినా, అపార్ట్‌మెంట్ వాచ్‌మన్ అయినా సరే. గోదాదేవి అడిగింది కలిసి తినడమే కదా. ఆ రోజు చెయ్యి ఎన్నిసార్లు గరిటె వైపు వెళ్లిందో మనసులో లెక్కపెట్టుకోండి. వచ్చే వారం ఆ లెక్క తగ్గిందా లేదా చూసుకోండి.

యాదగిరి శ్రీ లక్ష్మీనరసింహస్వామి అనుగ్రహం మీ ఇంటి మీద, మీ వంటింటి మీద ఉండాలని కోరుకుంటూ, వచ్చే పాఠంలో కలుద్దాం.

జై శ్రీమన్నారాయణ!