మధ్య వరుస ఆటగాడు

ఫుట్‌బాల్ ఆట చూసేటప్పుడు మన చూపు ఎప్పుడూ బంతి మీదే ఉంటుంది. బంతి గోల్‌లో పడగానే తన్నినవాడి పేరు మైదానమంతా మారుమోగుతుంది. పడబోయే బంతిని ఎగిరి పట్టుకున్న గోల్‌కీపరుకూ చప్పట్లు దక్కుతాయి. వీరిద్దరికీ నడుమ, మైదానం మధ్యలో, కొందరు తొంభై నిమిషాలపాటు ఆగకుండా తిరుగుతూనే ఉంటారు. వెనుకనుంచి వచ్చిన బంతిని అందుకోవడం, తల ఎత్తి నాలుగు వైపులా చూడడం, తనవారిలో ఎవరు ఖాళీగా ఉన్నారో కనిపెట్టి వారి కాళ్ల ముందుకు బంతిని పంపడం వీరి పని. వీరిని మధ్య వరుస ఆటగాళ్లు అంటారు. మిడ్‌ఫీల్డర్లు అన్నా వీరే. పెళ్లివారింట్లో వంటశాలకూ పంక్తికీ మధ్య నిలబడి, ఎక్కడ ఏది కావాలో చూసి పంపించే పెద్దమనిషి ఒకరుంటారు కదా! ఇంచుమించు అలాంటి పనే ఇది. ఆయన లేకపోతే వంట ఎంత బాగా కుదిరినా పంక్తి సాగదు.

అటువంటి ఆటగాడు ఒకడు ఎస్టోనియా దేశంలో ఉన్నాడు. పేరు కాన్‌స్టంటిన్ వాసిల్యెవ్.

ఎస్టోనియా యూరప్ ఖండంలో, బాల్టిక్ సముద్రపు ఒడ్డున ఉన్న చిన్న దేశం. దాని జనాభా 14 లక్షలకు లోపే. మన దేశంలో చాలా జిల్లాలలో అంతకంటె ఎక్కువమంది ఉంటారు. 1940లో ఆ దేశం సోవియట్ యూనియన్‌లో కలపబడింది. తరువాతి దశాబ్దాలలో రష్యానుంచి చాలామంది అక్కడి ఫ్యాక్టరీలలో పనికోసం వచ్చి స్థిరపడ్డారు. 1991లో ఎస్టోనియా మళ్లీ స్వతంత్రమయింది. ఇప్పటికీ ఆ దేశంలో సుమారు నాలుగో వంతు ప్రజలు ఇంట్లో రష్యన్ మాట్లాడుతారు. రాజభాష మాత్రం ఎస్టోనియన్. ఆ రెండు భాషలకు ఎలాంటి చుట్టరికమూ లేదు. రష్యన్ స్లావిక్ భాషలలో ఒకటి. ఎస్టోనియన్‌కు దగ్గరి చుట్టం ఫిన్లాండు భాష.

వాసిల్యెవ్ 1984 ఆగస్టు 16న రాజధాని తాల్లిన్ నగరంలో పుట్టాడు. రష్యన్ మాట్లాడే సమాజంనుంచి వచ్చినవాడు. దేశం స్వతంత్రమయ్యేనాటికి అతనికి ఏడేళ్లు. అంతవరకు వీధిలో, దుకాణంలో, ఆఫీసులో ఎక్కడైనా చెల్లిన ఇంటిభాష ఇప్పుడు అన్నిచోట్లా చెల్లదు. స్వాతంత్ర్యం తరువాత, సోవియట్ కాలంలో వచ్చి స్థిరపడిన కుటుంబాలవారు పౌరసత్వం కోరితే ఎస్టోనియన్ భాషలో పరీక్ష రాసి గెలవవలసి వచ్చింది. ఇంటిలో ఒక భాష, బయట మరొక భాష అంటే ఏమిటో హోసూరులోనో, బళ్లారిలోనో, పర్లాకిమిడిలోనో, షోలాపురంలోనో ఈ పాఠం చదువుతున్న మీకు విప్పి చెప్పనక్కరలేదు.

తాల్లిన్‌లో లెవాడియా అనే క్లబ్బు తరఫున వాసిల్యెవ్ పేరు తెచ్చుకున్నాడు. ఆ క్లబ్బు 2006, 2007 సంవత్సరాలలో దేశపు లీగ్ పోటీలో మొదటి స్థానం పొందింది. జాతీయ జట్టులో అతడు తొలిసారి ఆడింది కూడా 2006లోనే. కాని ఆ చిన్న దేశపు లీగ్‌లో ఆటగాడికి వచ్చే జీతం తక్కువ. చూసే జనం తక్కువ. చలికాలం వస్తే మైదానాలు మంచుతో కప్పుకొనిపోతాయి కనుక అక్కడి పోటీలు వసంతంలో మొదలై శరత్కాలంలో ముగుస్తాయి. ఆటే బతుకుతెరువు కావాలనుకునే ఎస్టోనియా యువకుడు ఎప్పుడో ఒకప్పుడు పెట్టె సర్దుకోక తప్పదు.

2008లో వాసిల్యెవ్ స్లొవేనియా దేశానికి వెళ్లాడు. అతడు చేరిన క్లబ్బు లెండవా అనే చిన్న పట్టణంలోని నాఫ్తా. నాఫ్తా అంటే ముడిచమురు. ఆ ప్రాంతంలో చమురు బావులుండడం వల్ల క్లబ్బుకు ఆ పేరు వచ్చింది. లెండవా హంగరీ సరిహద్దు పక్కనే ఉంటుంది. అక్కడ తరతరాలుగా హంగేరియన్లు నివసిస్తున్నారు. అందువల్ల అక్కడ స్లొవేనియన్, హంగేరియన్ రెండూ అధికార భాషలే. వీధుల పేర్లు రెండు భాషలలో రాస్తారు. బడులలో రెండు భాషలలో పాఠాలు చెబుతారు. మూడేళ్ల తరువాత, 2011 ఆరంభంలో, అతడు అదే దేశంలోని కోపెర్ నగరపు జట్టుకు మారాడు. అది సముద్రతీరంలో, ఇటలీకి ఆనుకొని ఉన్న రేవుపట్టణం. అక్కడ రెండో భాష ఇటాలియన్. ఆ ఊరికే ఇటాలియన్‌లో కాపోదిస్ట్రియా అని మరో పేరుంది. ఇదేదో ఎంచుకొని వెళ్లినట్లుంటుంది గాని, ఆటగాడు ఊరిని చూసి వెళ్లడు. పిలిచిన క్లబ్బు ఉన్న ఊరికి వెళ్తాడు.

ఇక ఇక్కడ ఒక సంగతి తెలుసుకోవాలి. ఫుట్‌బాల్ ఆటగాడికి ఇద్దరు యజమానులు. ఒకరు జీతమిచ్చే క్లబ్బు. రెండవది పుట్టిన దేశం. ఏడాదిలో కొన్ని రోజులు క్లబ్బు పోటీలు ఆపి, ఆటగాళ్లను వారి వారి దేశాల జట్లకు పంపుతారు. ఎక్కడున్నా సరే, పిలుపు రాగానే వాసిల్యెవ్ తాల్లిన్‌కు బయలుదేరేవాడు.

2012 యూరప్ ఛాంపియన్‌షిప్‌కు అర్హత సంపాదించే పోటీలు 2010లో మొదలయ్యాయి. ఎస్టోనియాతో పాటు ఆ గ్రూపులో ఇటలీ, సెర్బియా, స్లొవేనియా, ఉత్తర ఐర్లండు, ఫేరో దీవులు ఉన్నాయి. గ్రూపులో మొదటివారికి నేరుగా ప్రవేశం. రెండవ స్థానంలో నిలిచినవారికి కనీసం మరో అవకాశం. ఇటలీ మొదటి స్థానం గురించి ఎవరికీ సందేహం లేదు. రెండవ స్థానానికి సెర్బియా, స్లొవేనియాల పేర్లు వినిపించేవి. ఆ రెండూ అంతకు కొద్ది నెలల ముందే, 2010లో దక్షిణాఫ్రికాలో జరిగిన ప్రపంచకప్పులో ఆడి వచ్చిన దేశాలు. ఎస్టోనియా ఊసు ఎవరూ ఎత్తలేదు.

2010 అక్టోబరు 8న బెల్‌గ్రేడ్ నగరంలో సెర్బియాతో ఆట. రెండవ సగంలో సెర్బియా మొదటి గోల్ వేసింది. మూడు నిమిషాలలో ఎస్టోనియా దానిని సమం చేసింది. 73వ నిమిషంలో వాసిల్యెవ్ గోల్ కొట్టాడు. చివరి క్షణాలలో సెర్బియా ఆటగాడొకడు పొరపాటున బంతిని తన గోల్‌లోకే పంపాడు. ఎస్టోనియా 3, సెర్బియా 1. అప్పుడు వాసిల్యెవ్ నాఫ్తా ఆటగాడు. మరుసటి ఏడు మార్చిలో సెర్బియా తాల్లిన్‌కు వచ్చింది. ఒక గోల్ వెనుకబడి ఉండగా, ఆట ముగియడానికి కొద్ది నిమిషాల ముందు దానిని సమం చేసింది మళ్లీ వాసిల్యెవే. అప్పుడతడు కోపెర్ ఆటగాడు.

ఆ వేసవి మాత్రం చేదుగా గడిచింది. ఇటలీ చేతిలో 3–0తో ఓటమి. ఆ వెంటనే ఫేరో దీవులలో, జనాభాలో తమకంటె ఎంతో చిన్నవారి చేతిలో, 2–0తో మరో ఓటమి. అంతటితో ఆశలు వదులుకున్నవారే ఎక్కువ.

2011 ఆగస్టులో వాసిల్యెవ్ రష్యాలోని పెర్మ్ నగరానికి వెళ్లి అమ్‌కార్ క్లబ్బులో చేరాడు. నెల తిరగగానే స్లొవేనియాతో, వారి రాజధాని లూబ్లియానాలో ఆట. మూడేళ్లకు పైగా అన్నం పెట్టిన దేశం అది. అక్కడి మైదానాలు తెలుసు, ఆటగాళ్లలో చాలామంది తెలుసు. సెప్టెంబరు 2న, 29వ నిమిషంలో, రిఫరీ ఎస్టోనియాకు పెనాల్టీ ఇచ్చాడు. వాసిల్యెవ్ బంతిని గుర్తు మీద పెట్టి, తన్ని, గోల్ చేశాడు. ఆ ఆటలో ఎస్టోనియా 2–1తో గెలిచింది. నాలుగు రోజుల తరువాత ఉత్తర ఐర్లండుపై తాల్లిన్‌లో 4–1తో గెలిచింది. అక్టోబరు 7న అదే జట్టుతో బెల్‌ఫాస్ట్‌లో చివరి ఆట. 77వ నిమిషందాకా ఒక గోల్ వెనుకబడే ఉన్నారు. అప్పుడు వాసిల్యెవ్ పెనాల్టీతో సమం చేశాడు. 84వ నిమిషంలో రెండవ గోల్ కొట్టి గెలిపించాడు.

ఒకే పోటీలో ఐదు గోల్స్. కొట్టినవాడు ఒక్కడే. కాని ఆ ఐదూ కొట్టే సరికి అతడు మూడు క్లబ్బులు, రెండు దేశాలు తిరిగాడు. గోల్స్ కొట్టడం మధ్య వరుస ఆటగాడి అసలు పని కాదని ముందే చెప్పుకున్నాం. ముందు వరుసలో గట్టివారు కొరవడిన జట్టుకు ఆ పనీ అతడే చేయవలసి వచ్చింది.

ఎస్టోనియా ఆడవలసినవన్నీ ఆడేసింది. మొత్తం 16 పాయింట్లు. సెర్బియాకు 15 పాయింట్లు ఉన్నాయి, ఒక ఆట మిగిలి ఉంది. ఆ ఆట ఎవరితోనో తెలుసా? స్లొవేనియాతో! సెర్బియా గెలిస్తే ఎస్టోనియా కథ ముగిసినట్లే. అక్టోబరు 11న మారిబోర్ నగరంలో స్లొవేనియా ఒక గోల్ వేసింది. రెండవ సగంలో సెర్బియాకు పెనాల్టీ దొరికింది. విదిచ్ తన్నిన ఆ బంతిని స్లొవేనియా గోల్‌కీపర్ హందనోవిచ్ ఆపాడు. స్లొవేనియా 1–0తో గెలిచింది. తాము నెలరోజుల కిందట ఓడించిన దేశమే ఎస్టోనియాను రెండవ స్థానంలో నిలబెట్టింది.

మిగిలిన అవకాశం ఐర్లండుతో రెండు ఆటలు. నవంబరు 11న తాల్లిన్‌లో జరిగిన మొదటి ఆటలో ఎస్టోనియా ఆటగాళ్లు ఇద్దరిని రిఫరీ బయటికి పంపాడు. ఐర్లండు 4–0తో గెలిచింది. ఇక రెండవ ఆట ఆడినా ఆడకపోయినా ఒకటే అన్న పరిస్థితి. నవంబరు 15న డబ్లిన్‌లో పండుగ చేసుకోవడానికి వచ్చిన జనం మధ్య ఆ ఆట జరిగింది. ఐర్లండు ముందు గోల్ వేసింది. 57వ నిమిషంలో ఎస్టోనియా సమం చేసింది. కొట్టినవాడు వాసిల్యెవ్. ఆట 1–1తో ముగిసింది. ఎస్టోనియా యూరప్ ఛాంపియన్‌షిప్‌కు వెళ్లలేదు. అయినా అంతదాకా వెళ్లడం ఆ దేశానికి అదే మొదటిసారి.

పెర్మ్‌లో వాసిల్యెవ్ 2014 వరకు ఆడాడు. ఆ నగరం మాస్కోకు తూర్పున వెయ్యి కిలోమీటర్లకు పైగా దూరాన, ఉరల్ పర్వతాల దగ్గర, కామా నది ఒడ్డున ఉంది. అమ్‌కార్ అన్న పేరు వింటే ఎవరో వీరుడి పేరనిపిస్తుంది. నిజానికది అమ్మోనియా, కార్బమైడ్ అనే మాటల మొదటి అక్షరాలు కలిపి పెట్టిన పేరు. కార్బమైడ్ అంటే మన రైతులు పొలంలో చల్లే యూరియాయే. ఎరువుల ఫ్యాక్టరీవారు పెట్టిన క్లబ్బు కావడం వల్ల ఆ పేరు.

తరువాత పోలండు. గ్లివిత్సె పట్టణంలోని ప్యాస్త్ క్లబ్బు, 2015నుంచి రెండేళ్లు బియావిస్తోక్ నగరంలోని యాగ్యెలోన్యా క్లబ్బు, మళ్లీ ప్యాస్త్. ఈ రెండూ పోలండును పాలించిన రాజవంశాల పేర్లు. మనవాళ్లు జట్లకు కాకతీయ, విజయనగర అని పేర్లు పెట్టుకున్నట్లన్నమాట. 2016–17లో యాగ్యెలోన్యా పోలండు లీగ్‌లో రెండవ స్థానం పొందింది. బియావిస్తోక్ గురించి భాషలు నేర్చుకునేవారు తప్పక తెలుసుకోవలసిన సంగతి ఒకటుంది. 1859లో జామెన్‌హాఫ్ అనే ఆయన ఆ ఊళ్లోనే పుట్టాడు. పోలిష్, రష్యన్, యిద్దిష్, జర్మన్ మాట్లాడేవారు ఒకే ఊళ్లో ఉంటూ ఒకరినొకరు అనుమానంగా చూసుకోవడం చిన్నతనంలో చూసి, అందరికీ సులువుగా వచ్చే భాష ఒకటి కావాలనుకున్నాడు. 1887లో ఎస్పెరాంటో అనే కొత్త భాషను ప్రకటించాడు.

వాసిల్యెవ్ ఆడిన క్లబ్బులన్నీ నిలవలేదు. పాత నాఫ్తా 2012లో మూతపడింది. తరువాత ఆ ఊరివారు కొత్తగా మొదలుపెట్టుకున్నారు. కోపెర్ జట్టు అప్పులలో కూరుకొని 2017లో కింది స్థాయినుంచి మళ్లీ ఆట మొదలుపెట్టవలసి వచ్చింది. 2018లో అమ్‌కార్ మూతపడింది. జీతమిచ్చిన యజమానులు మారిపోయారు. పిలిచే దేశం మాత్రం మారలేదు.

2019లో అతడు తాల్లిన్‌కు తిరిగివచ్చి ఫ్లోరా అనే క్లబ్బులో చేరాడు. వయసు ముప్ఫై నాలుగు. ఫుట్‌బాల్‌లో ఆ వయసుకు చాలామంది బూట్లు గోడకు తగిలిస్తారు. 2021లో ఫ్లోరా యూరప్ క్లబ్బుల కాన్ఫరెన్స్ లీగ్‌లో గ్రూపు దశకు చేరింది. ఎస్టోనియా క్లబ్బు ఏదీ అంతకు ముందు యూరప్ పోటీలలో ఆ దశ చూడలేదు. ముప్ఫై ఏడేళ్ల వాసిల్యెవ్ ఆ జట్టులో ఉన్నాడు.

ఎస్టోనియా జాతీయ జట్టుకు అందరికంటె ఎక్కువసార్లు ఆడిన ఘనత చాలాకాలం మార్టిన్ రెయిమ్‌ది. అతడూ మధ్య వరుస ఆటగాడే. 1992నుంచి 2009 వరకు 157 ఆటలు ఆడాడు. 2016నుంచి 2020 వరకు జాతీయ జట్టుకు శిక్షకుడుగా ఉండి, వాసిల్యెవ్‌ను ఆడించినవాడు కూడా అతడే. శిక్షకుడి లెక్కను శిష్యుడు దాటాడు. వాసిల్యెవ్ ఆడినవి 158 ఆటలు, కొట్టినవి 26 గోల్స్.

అభ్యాసం

1. మధ్య వరుస ఆటగాడి పనిని రచయిత దేనితో పోల్చారు? మీరైతే దేనితో పోలుస్తారు?

2. 2011 అక్టోబరు 11నాటి ఆటలో ఎస్టోనియా ఆడలేదు. అయినా ఆ ఆట ఎస్టోనియాకు ఎందుకు ముఖ్యమయింది? పాయింట్ల లెక్కతో వివరించండి.

3. లెండవా, కోపెర్ పట్టణాలలో వీధుల పేర్లు రెండు భాషలలో ఉంటాయి. మీ ఊరి బస్‌స్టాండులో, తపాలా ఆఫీసులో, బడి గోడ మీద బోర్డులు ఏయే భాషలలో ఉన్నాయో చూసి రాయండి.

4. ‘బూట్లు గోడకు తగిలించు’, ‘పెట్టె సర్దుకొను’ – వీటిని సొంత వాక్యాలలో ప్రయోగించండి.

5. యూరప్ పటంలో తాల్లిన్, లూబ్లియానా, పెర్మ్, బియావిస్తోక్ నగరాలను గుర్తించి, వాసిల్యెవ్ తిరిగిన దారిని గీయండి.