నాన్నగారు అప్పగించిన అడవి

మా నాన్నగారు అటవీశాఖలో 26 ఏళ్లు పనిచేశారు. సెక్షన్ ఆఫీసరుగా చేరి రేంజ్ ఆఫీసరు అయ్యారు. నల్లమల, శేషాచలం, రంపచోడవరం ఏజెన్సీ అంటూ ఏడుసార్లు బదిలీ అయ్యారు. రెండేళ్ల క్రితం అనారోగ్యంతో కన్నుమూశారు. ఇప్పుడు అమ్మ ఉద్యోగం వల్ల మేమున్న ఊళ్లో ఆయనను ఎరిగినవారు ఒక్కరూ లేరు. "మీ నాన్న పులిని చూశారా? దొంగల్ని పట్టుకున్నారా?" అని స్నేహితులు అడుగుతుంటారు. రెండూ జరిగాయి, కానీ వేళ్ల మీద లెక్కపెట్టగలిగినన్ని సార్లే. మిగిలిన రోజుల్లో ఆయన ఏం చేసేవారో అక్కాతమ్ముళ్లం ఇద్దరం కలిసి ఇక్కడ రాస్తున్నాం.

బీటు నడక

కాపలా కోసం అడవిని భాగాలు చేస్తారు. అన్నిటికన్నా చిన్న భాగం బీటు. దానికి ఒక బీట్ ఆఫీసరు ఉంటారు. కొన్ని బీట్లు కలిస్తే సెక్షన్, కొన్ని సెక్షన్లు కలిస్తే రేంజ్, కొన్ని రేంజ్‌లు కలిస్తే డివిజన్. పైన ఎందరు అధికారులున్నా అడవి నిలిచేది బీటులో నడిచేవారి కాళ్ల మీదేనని నాన్నగారు అనేవారు. రేంజ్ ఆఫీసరు అయ్యాక కూడా వారంలో కొన్ని రోజులు బీట్ సిబ్బందితో కలిసి నడిచేవారు.

నడుస్తూ చూసేవి చిన్న చిన్న గుర్తులే. కొత్తగా నరికిన మొద్దు, దాని చుట్టూ రాలిన రంపపు పొట్టు, తడి ఆరని గొడ్డలి గాటు, జంతువులు నీళ్లకు వెళ్లే దారిలో కట్టిన తీగ ఉచ్చు, బండి చక్రాల జాడ. "ఉన్న చెట్లను అందరూ చూస్తారు. లేకుండా పోయిన చెట్టును మనం చూడాలి" అనేవారు నాన్నగారు. చూసినదంతా ఆ రోజే డైరీలో ఎక్కించేవారు.

ఎండాకాలం

మా ఇంట్లో మిగతా పిల్లల్లాగా వేసవి సెలవుల ప్రయాణాలు ఉండేవి కావు. ఫిబ్రవరి నుంచి జూన్‌లో వానలు పడేదాకా నిప్పు భయం. నల్లమల లాంటి అడవుల్లో చెట్లు ఆకు రాల్చి, నేలంతా ఎండుటాకు పరుచుకుంటుంది. మన దేశంలో అడవికి నిప్పు అంటుకోవడానికి చాలావరకు మనుషులే కారణం. రాలిన ఇప్పపువ్వు సులువుగా కనబడాలని కొందరు చెట్టు కింద ఆకును కాలుస్తారు. తునికి చెట్లకు కొత్త చిగురు బాగా రావాలని కొందరు నిప్పు పెడతారు. ఆర్పకుండా పారేసిన బీడీ ముక్క కూడా చాలు.

నిప్పు పోయాక వాన పడితే అడవి మళ్లీ పచ్చగా కనిపిస్తుంది. ఏ నష్టమూ లేదనిపిస్తుంది. అయితే పెద్ద చెట్లు తట్టుకున్నా, వాటి కింద మొలిచిన చిన్న మొక్కలు మాడిపోతాయి. అంటే మన పిల్లల కాలానికి పెద్ద చెట్లు కావలసినవి పోయాయన్నమాట. అందుకే ఎండలు ముదరకముందే ఫైర్ లైన్లు వేస్తారు. అడవిలో పొడవునా ఒక దారిలాగా ఆకు, గడ్డి తీసేస్తే నిప్పు అక్కడికి వచ్చి ఆగిపోతుంది. ఇప్పపువ్వు రాలే రోజులకు ముందే నాన్నగారు గూడేలకు వెళ్లి పెద్దలతో కూర్చుని మాట్లాడేవారు. నల్లమలలో కాపలా పనిలో చెంచులు ఎందరో ఉన్నారు. పొగ వాసన ఏ దిక్కు నుంచి వస్తోందో వాళ్లు తన కంటే ముందే చెప్పేవారని ఆయన ఎంతో గౌరవంగా చెప్పేవారు. ఇప్పుడు ఉపగ్రహాలు మంటను గుర్తిస్తే, డెహ్రాడూన్‌లోని భారత అటవీ సర్వే సంస్థ నుంచి ఫోనుకు సమాచారం వస్తుంది. అయినా పచ్చి కొమ్మలతో కొట్టి ఆర్పడానికి మనిషి నడిచి వెళ్లాల్సిందే.

రాత్రి ఇంటికొచ్చాక "ఏమండీ, ఇవాళ ఏమైంది?" అని అమ్మ అడిగేది. "ఏమీ కాలేదు" అని చెప్పిన రోజే ఆయన ముఖం వెలిగేది. ఆయన పనికి ఫలితం అదే.

ఎవరో నాటినవి

మీలాగే మాకూ బదిలీ అంటే ఏడుపొచ్చేది. "మనం నాటిన మొక్కల్ని ఇక ఎవరు చూస్తారు నాన్నా?" అని ఒకసారి అడిగాం. "ఇక్కడి టేకు తోట నాటింది ఎవరో నాకు తెలియదురా. అయినా నేను చూడలేదా?" అన్నారు.

టేకు బాగా ఎదగడానికి 50 ఏళ్లకు పైనే పడుతుంది. ఎర్రచందనంలో చేవ పట్టడానికి కూడా దశాబ్దాలు కావాలి. కేరళలోని నీలంబూరులో 1840ల్లో మలబారు కలెక్టరు కొనోలీ, ఆయన దగ్గర పనిచేసిన చాతు మేనన్ టేకు తోట వేయించారు. కొనోలీ 1855లోనే చనిపోయారు. ఆ తోటలో కొంత భాగం నేటికీ నిలిచి ఉంది. మధ్యలో ఎందరు ఉద్యోగులు దానిని ఒకరి చేతి నుంచి ఒకరు అందుకున్నారో ఊహించండి. నాన్నగారు చార్జి అప్పగించేటప్పుడు మ్యాపులు, రిజిస్టర్లు ఇచ్చి ఊరుకునేవారు కాదు. కొత్త ఆఫీసరును వెంటబెట్టుకుని ఒక రోజంతా అడవిలో తిప్పేవారు.

సెప్టెంబరు 11

1730లో రాజస్థాన్‌లోని ఖేజర్లీలో జమ్మిచెట్లను నరకనివ్వకుండా అమృతాదేవితో సహా 363 మంది బిష్ణోయిలు ప్రాణాలిచ్చారు. వారిని తలచుకుంటూ ఏటా సెప్టెంబరు 11న జాతీయ అటవీ అమరవీరుల దినం జరుపుతారు. ఆ రోజు మన రాజమహేంద్రవరంలో పుట్టిన పి. శ్రీనివాస్ గారినీ తలచుకోవాలి. కర్ణాటకలో అటవీ అధికారిగా ఉంటూ ఆయన వీరప్పన్ సొంత ఊరైన గోపీనాథంలో ప్రజలకు వైద్యం, తాగునీటి వసతి కల్పించారు. లొంగిపోతానన్న వీరప్పన్ మాట నమ్మి వెళ్లి, 1991 నవంబరు 10న హత్యకు గురయ్యారు. ప్రభుత్వం కీర్తిచక్రతో గౌరవించింది.

మా నాన్నగారి పేరు ఏ స్తూపం మీదా లేదు. ఆయన కాపాడిన చెట్ల మీద కూడా ఉండదు. కానీ ఆయన నడిచిన బీట్లలో ఈ రోజు కూడా ఎవరో నడుస్తూనే ఉంటారని తెలుసు. అది మాకు ధైర్యం.

మీరూ చేయండి

మీ పాఠశాల ఆవరణలో ఒక చెట్టును ఎంచుకోండి. నేల నుంచి 1.37 మీటర్ల ఎత్తులో దాని చుట్టుకొలత టేపుతో కొలవండి. అటవీశాఖవారు కొలిచే ఎత్తు అదే. తేదీ వేసి ఒక నోటుపుస్తకంలో రాయండి. ఆరు నెలలకు ఒకసారి మళ్లీ కొలవండి. మీ నాన్నకో అమ్మకో బదిలీ అయి టీసీ తీసుకునే రోజున ఆ పుస్తకాన్ని కింది తరగతి తమ్ముడికో చెల్లికో ఇవ్వండి. ఇచ్చేముందు ఆ చెట్టు దగ్గరికి తీసుకెళ్లి చూపించండి.