చార్మినార్ చూపించే గైడ్‌ను ఎలా ఎంచుకోవాలి?

ప్రశ్న: పోయినసారి చార్మినార్ దగ్గర గైడ్‌నంటూ వచ్చినాయన మమ్మల్ని ముత్యాల దుకాణాల చుట్టూనే తిప్పాడు. ఈసారి అమ్మను తీసుకెళ్తున్నాను. ఆమెకు మోకాళ్ల నొప్పులు. పాతబస్తీ నడిచి చూడగలమా?
– ఒక పాఠకురాలు, యాలాల్

జవాబు: చూడగలరమ్మా. దుకాణాలకు తిప్పడానికి కారణం కమీషన్. మీరు కొన్నదాంట్లో ఇలాంటి గైడ్‌లకు వాటా ముడుతుంది. అందుకే పర్యాటక శాఖ ఇచ్చిన గుర్తింపు కార్డు అడిగి చూడండి. ఎన్ని గంటలు, ఎంత డబ్బు అన్నది ముందే తేల్చుకోండి. దుకాణాలకు తీసుకెళ్లొద్దని కూడా అప్పుడే చెప్పేయండి.

శుక్రవారం వెళ్లకండి. ఆ రోజు చౌమహల్లా ప్యాలెస్‌కు సెలవు, మక్కా మసీదు దగ్గర రద్దీ. మీ దగ్గర్లోని తాండూరులో రైలెక్కి నాంపల్లిలో దిగితే అక్కణ్నుంచి ఆటో దొరుకుతుంది.

చార్మినార్ 1591 నాటిది. లోపలి మెట్లు ఇరుకు, నిటారు, అమ్మను ఎక్కించొద్దు. గుల్జార్ హౌజ్ ఫౌంటెన్ దాకా మెల్లగా నడిచి, చుట్టూ ఉన్న నాలుగు కమాన్లూ చూడండి. లాడ్ బజార్‌లో గాజులు చేసేచోట మాత్రం తీరిగ్గా నిలబడాలి. నిప్పుల సెగకు మెత్తబడ్డ లక్కను సాగదీసి, గుండ్రంగా వంచి, వేడి ఆరకముందే ఒక్కో రాయీ అద్దుతారు. నన్నడిగితే ముత్యాల కంటే ఆ చేతుల పనే చూడదగ్గది! చౌమహల్లా దగ్గరే అయినా ఆటోలో వెళ్లండి.

అమ్మ మోకాలు వాచినా, రాత్రిళ్లు నొప్పితో మెలకువ వస్తున్నా ప్రయాణానికి ముందే ఎముకల డాక్టరుకు చూపించండి. గైడ్ డబ్బుకోసం వేధిస్తే వాదన పెట్టుకోకుండా 100కు ఫోన్ చేయండి.